ప్రిలిమినరీ డిక్రీ వచ్చింది, 1బీ హక్కుల రికార్డులో పేర్లు మాత్రం ఎక్కలేదు

చీనీతోట, తాడిపత్రి:
మా నాయన స్వార్జితం ఎనిమిది ఎకరాలు. అమ్మ నాయన కంటే ముందే పోయింది. అన్న, అక్క, నేను తలా మూడో వంతుకు హక్కుదారులమని కోర్టు ప్రిలిమినరీ డిక్రీ ఇచ్చింది. ఆ కాపీతో మ్యుటేషన్‌కు, అంటే రికార్డులో పేర్లు మార్పించుకోవడానికి పోతే ఆఫీసులో కుదరదన్నారు. కోర్టు చెప్పాక కూడా ఇదేం పద్ధతండీ? పైగా ఉన్నది ఒకటే బోరు, అదీ అన్న సాగు చేసే వైపు.

నంద్యాల ప్లీడర్:
వాళ్లు చెప్పింది సరైనదే. ప్రిలిమినరీ డిక్రీ ఎవరికెంత వాటానో తేలుస్తుంది, అంతే. ఏ గట్టు నుంచి ఏ గట్టు దాకా ఎవరిదో తెలియకుండా రికార్డులో ఏమని రాస్తారు? అదే కోర్టులో ఫైనల్ డిక్రీ పిటిషన్ వేయండి. అడ్వకేట్ కమిషనర్, అంటే కోర్టు నియమించే వకీలు, సర్వేయర్‌తో వచ్చి కొలిచి, ప్లాన్‌తో రిపోర్టు ఇస్తారు. అభ్యంతరాలు విన్నాక ఫైనల్ డిక్రీ. శిస్తు భూములను కలెక్టరు ద్వారా పంచే దారి సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) 54వ సెక్షన్‌లో ఉంది కానీ, నేను ఎక్కువగా చూసింది కమిషనర్లనే.
ఈ పిటిషన్‌కు కాలపరిమితి లేదని సుప్రీంకోర్టు 2009లో చెప్పింది. మళ్లీ పిటిషన్ కోసం చూడకుండా ట్రయల్ కోర్టులే ముందుకు నడపాలని 2022లో అంది. అయినా మీరు వేయించండి, కేసు కట్ట దానంతటది కదలదు.

ఆదోని రెడ్డి:
అక్కకు పెళ్లప్పుడే ఇచ్చి ఉంటారు కదా, మళ్లీ మూడో వంతెందుకు?

కడప ఆడపడుచు:
ఇచ్చిన బంగారం వాటా కిందికి రాదన్నా. తండ్రి స్వార్జితంలో వీలునామా లేకపోతే 1956 నుంచే కూతురికి సమాన వాటా. పిత్రార్జితంలో కూతుళ్లందరికీ 2005 సవరణతో వచ్చింది. తండ్రి అప్పటికి బతికి ఉండాల్సిన పని లేదని 2020లో సుప్రీంకోర్టు తేల్చేసింది.
చీనీతోట గారూ, మా దాంట్లోనూ బోరు దగ్గరే గొడవ. కమిషనర్ వచ్చే ముందే మీ వకీలుతో మెమో ఇప్పించండి. బోరు ఎక్కడుంది, కరెంటు సర్వీసు ఎవరి పేరున ఉంది, బండి దారి ఎటు, ఏ పక్క మంచి నేల, ఏ పక్క రాళ్లు, అన్నీ రాయించండి. మంచీ చెడూ చూసి సమంగా పంచాలనే డిక్రీలోనూ ఉంటుంది. మా పొలంలో కొలత చైను లాగుతుంటే మా తమ్ముడు పోయి గెనిమ (గట్టు) మీద నిలబడ్డాడు, ఇది తాతల కాలం నాటిదని. కమిషనర్ మారు మాట్లాడలేదు. ఆ గెనిమను ప్లానులో చుక్కల గీతగా వేసి, ఇద్దరి మాటా రాసుకుని సంతకాలు పెట్టించుకున్నాడు. చివరికి బోరు ఉమ్మడి, నీళ్లు వంతులవారీ, గెనిమ వెంట పైపుకు దారి. ఆ దారి వెడల్పు రిపోర్టులో రాయించుకోండి, లేకుంటే మళ్లీ అదే టెన్షన్.

ధర్మవరం సర్వే:
రీసర్వే అయిన ఊరైతే జాగ్రత్త. దావా షెడ్యూలులో పాత సర్వే నంబరు ఉంటుంది, ఇప్పటి రికార్డులో ఎల్‌పీ (ల్యాండ్ పార్సెల్) నంబరు ఉంటుంది. కమిషనర్ రిపోర్టులో రెండూ ఉండేలా చూసుకోండి. లేకపోతే సర్వే నంబరును ముక్కలుగా విడదీసే సబ్ డివిజన్ దగ్గర ఫైలు ఆగుతుంది.

చీనీతోట, తాడిపత్రి:
ఫైనల్ డిక్రీ చేతికొచ్చాక నేరుగా మ్యుటేషన్‌కు పోవచ్చా?

నంద్యాల ప్లీడర్:
ముందు స్టాంపు. ఫైనల్ డిక్రీని నాన్ జుడీషియల్ స్టాంపు పేపర్ల మీద ఎక్కించాలి, చాలామంది ఆగిపోయేది ఇక్కడే. తర్వాత సర్టిఫైడ్ కాపీ, ప్లాన్ జతచేసి సబ్ డివిజన్‌కూ మ్యుటేషన్‌కూ సచివాలయంలో గానీ మీసేవలో గానీ అర్జీ పెట్టండి. తహసీల్దార్ తిరస్కరిస్తే ఆర్డర్ రాతపూర్వకంగా తీసుకుని ఆర్డీవోకు అప్పీలు వేయండి. నోటిమాట మీద అప్పీలు ఉండదు.
అన్నతో మాటలున్నాయా? ఉంటే లోక్ అదాలత్‌లో రాజీ పడండి. ఆ అవార్డు డిక్రీతో సమానం, దానిపై అప్పీలు లేదు, కట్టిన కోర్టు ఫీజూ వాపసు వస్తుంది.

చీనీతోట, తాడిపత్రి:
మాటలు బాగానే ఉన్నాయి గానీ, ఈలోగా తన వైపు ఎవరికో బేరం పెట్టాడని ఊళ్లో అంటున్నారు.

నంద్యాల ప్లీడర్:
దావా నడుస్తుండగా కొన్నవాడు కోర్టు తీర్పుకు కట్టుబడాల్సిందే, అన్నకు ఎంత వస్తే అతనికీ అంతే. అయినా సోమవారం రిజిస్ట్రేషన్ ఆఫీసు నుంచి ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించండి. అమ్మకం ఎంట్రీ కనబడితే ఆ కొన్నవాడిని కూడా పార్టీగా చేర్చమని పిటిషన్ పెట్టించండి.