చర్చ: హౌసింగ్ బోర్డు కాలనీల పాత ఇళ్ళు మన చరిత్రలో భాగమా, కాదా?

వేపచెట్టు వీధి:

హైదరాబాదు కథ చెప్పేటప్పుడు మనం చార్మినార్ దగ్గర మొదలుపెట్టి, కుతుబ్ షాహీ సమాధులు, ఫలక్‌నుమా, ఆర్ట్స్ కాలేజీ దాటి, 1998 నాటి సైబర్ టవర్స్ దగ్గర తేలుతాం. ఈ నడుమ గుమాస్తాలు, ఉపాధ్యాయులు, కార్మికులు వాయిదాలు కట్టి సొంతం చేసుకున్న ఊరు ఒకటి ఉంది. దానిని చూడడానికి యాత్రికులెవరూ రారు కనుక అది చరిత్ర కాదని అనుకుంటున్నాం.

ఆ ఊరికి పునాది 1908 సెప్టెంబరు నాటి మూసీ వరదలో ఉంది. వేలమంది ప్రాణాలు పోయిన ఆ విపత్తు తరువాత ఏర్పడిన సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఇరుకు బస్తీలను తొలగించి, వెడల్పైన వీధులు తీసి, మల్లేపల్లి వంటి చోట్ల సామాన్యులకు వరుస ఇళ్ళు కట్టించింది. ప్రభుత్వమే వీధి గీసి, ఇల్లు కట్టి, ఆదాయాన్ని బట్టి పంచడమనే ఆ పద్ధతి తరువాతి కాలంలో హౌసింగ్ బోర్డు చేతికి వచ్చి, కూకట్‌పల్లి కాలనీలో ఎల్.ఐ.జి., ఎం.ఐ.జి., హెచ్.ఐ.జి. (తక్కువ, మధ్య, ఎక్కువ ఆదాయ వర్గాల ఇళ్ళు) అనే అక్షరాలుగా స్థిరపడింది. ఈ నాటికీ అక్కడ చిరునామా చెప్పేటప్పుడు ముందు ఆ మూడక్షరాలే వస్తాయి.

మా ఇల్లు అందులో ఒక ఎం.ఐ.జి. నడుము ఎత్తు కాంపౌండు గోడ, ఇనుప గేటు, దాని పక్కన జాజి పందిరి, గ్రిల్లు వేసిన వరండా, హాలులో షాబాద్ బండలు, పెరట్లో బట్టలు ఉతికే బండ. అందులో ఏ ఒక్కటీ గొప్పది కాదని నాకు తెలుసు. కాని గోడ నడుము ఎత్తు మాత్రమే ఉండడం వల్ల మా అమ్మ వరండాలో బియ్యం ఏరుకుంటూనే వీధిలో వెళ్ళేవారిని పలకరించగలిగేది. పక్కింటి పిల్లవాడు బడినుంచి ఆలస్యంగా వస్తే నాలుగిళ్ళవారికి తెలిసేది. ఇప్పుడు మా వీధిలో నేల మీద మనుషులు లేరు. స్టిల్టు పార్కింగులో, అంటే ఇంటి కింద స్తంభాల మధ్య వదిలిన చోటులో, కార్లు ఉన్నాయి, మనుషులు మొదటి అంతస్తునుంచి మొదలవుతున్నారు.

హైదరాబాదు పట్టణాభివృద్ధి సంస్థ (హుడా) 1981 నిబంధనల్లోని 13వ నిబంధన కింద కొన్ని చారిత్రక భవనాలకు రక్షణ ఉండేది. దానిని 2015లో తొలగించారు, 2017లో వారసత్వ చట్టం వచ్చింది. ఈ రెండింటి దృష్టీ ప్రధానంగా దేవిడీలు (నవాబుల, ప్రభువుల భవంతులు), కోటలు, గుళ్ళు, సమాధుల వంటి వాటి మీదే ఉంది. ప్రతి పాత కాలనీలోనూ కనీసం ఒక వీధిని, గోడల ఎత్తుతో, ముందు వదిలిన ఖాళీతో, చెట్లతో సహా యథాతథంగా నిలపాలని, ఆ ఇళ్ళవారికి రోడ్ల విస్తరణలో ఇస్తున్నట్లే టి.డి.ఆర్. (వేరే చోట అదనంగా కట్టుకోవడానికో, అమ్ముకోవడానికో ఇచ్చే నిర్మాణ హక్కు) రూపంలో నష్టపరిహారం ఇవ్వాలని నా ప్రతిపాదన.

ఎల్.ఐ.జి. అద్దెదారు:

వేపచెట్టు వీధి గారూ, మీ అమ్మగారి వరండా గురించి చదివినప్పుడు నాకూ గొంతు పట్టింది. అయినా మీ ప్రతిపాదనను నేను ఒప్పుకోలేను.

నేను చదువు ముగించుకుని ప్రకాశం జిల్లానుంచి ఈ కాలనీకి వచ్చాను. అమీర్‌పేటలో కోచింగు, ఇక్కడ ఒక ఎల్.ఐ.జి. ప్లాటులో లేచిన నాలుగంతస్తుల హాస్టలులో మంచం. ఒక గదికి నలుగురం. ఒకే కుటుంబం కోసం గీసిన ఆ చిన్న స్థలంలో అప్పుడు ముప్పైమందికి పైగా ఉండేవాళ్ళం. అందులో చాలామంది ఉద్యోగాలు సంపాదించి, ఇంటికి డబ్బు పంపి, చెల్లెళ్ళ పెళ్ళిళ్ళు చేశారు. మీరు చెడిపోయిందంటున్న ఆ కాలనీయే మాకు హైదరాబాదు. ఆ రోజుల్లో మీ వీధిని యథాతథంగా నిలిపి ఉంటే మేము ఎక్కడ దిగేవాళ్ళం?

ఇంకొక మాట. పాత ఇళ్ళ మేడ మీదికి ఎప్పుడైనా వెళ్ళి చూశారా? మొదటి అంతస్తు వేసుకున్నవారు దాదాపు అందరూ పిల్లర్ల చువ్వలను పైన రెండు మూడడుగులు వదిలి, మెట్లను ఇంటి బయటినుంచే కట్టుకున్నారు. అద్దెకు ఇవ్వాలన్నా, రేపు కొడుకు వేరు కాపురం పెట్టాలన్నా దారి వేరుగా ఉండాలని. అంటే మీ నాన్నగారి తరం ఆ ఇంటిని ఏనాడూ పూర్తయినదిగా అనుకోలేదు. తుప్పు పట్టిన ఆ చువ్వలు వాళ్ళు రాసిపెట్టిన ఉద్దేశం. మీరు కాపాడాలంటున్న రూపం వాళ్ళ దృష్టిలో ఒక మజిలీ మాత్రమే. చరిత్ర అంటే ఆ పెరుగుదల మొత్తం అయినప్పుడు, అందులో 1980ల నాటి ఒక్క క్షణాన్ని పట్టుకుని దీనినే ఉంచుతాం, తక్కినది చెరుపు అనడం న్యాయం కాదు. పైగా ఆ క్షణాన్ని ఎంచుకుంటున్నది ఇల్లున్నవారే.

విశ్రాంత డ్రాఫ్ట్స్‌మన్:

మీరిద్దరూ ఇంటి గురించే మాట్లాడుతున్నారు. బల్ల మీద ఏళ్ళ తరబడి లేఅవుట్లు గీసినవాణ్ణి కనుక వీధి గురించి చెబుతాను.

చాలా నగరాల్లో ప్లాటు విస్తీర్ణానికి ఇన్ని రెట్లు మాత్రమే కట్టాలనే పరిమితి, అంటే ఎఫ్.ఎస్.ఐ., ఉంటుంది. హైదరాబాదులో 2006 ఉత్తర్వుతో ఆ పరిమితి పోయింది. అప్పటినుంచి ఎత్తును తేల్చేవి ప్రధానంగా ప్లాటు విస్తీర్ణం, రోడ్డు వెడల్పు, సెట్‌బ్యాకు, అంటే ఇంటి చుట్టూ వదలవలసిన ఖాళీ. దీనికి డెవలప్‌మెంటు ఒప్పందం తోడైంది: యజమాని స్థలం ఇస్తాడు, బిల్డరు కడతాడు, ఫ్లాట్లు చెరి సగమో, మాట్లాడుకున్న నిష్పత్తిలోనో పంచుకుంటారు. పింఛను మీద బ్రతికే దంపతులకు చేతినుంచి రూపాయి పెట్టకుండా రెండు ఫ్లాట్లు వస్తున్నప్పుడు వాళ్ళను తప్పు పట్టగలవారెవరు? అనుమతికి మించి కట్టినవాటిని 2007 డిసెంబరులో వచ్చిన క్రమబద్ధీకరణ పథకం కింద అపరాధ రుసుముతో ఆమోదించారు. సెట్‌బ్యాకు అంటే చర్చించుకోదగిన గీత అని జనం అప్పుడే నేర్చుకున్నారు. ఆ పాఠం నన్ను ఇప్పటికీ బాధిస్తుంది.

కాని రోడ్డు పెరగలేదు, దాని కింద గొట్టమూ పెరగలేదు. ఇంటికి ఒక కుటుంబమని లెక్కవేసిన డ్రైనేజీ మీద ఈ నాడు ఎన్ని కుటుంబాల భారం పడుతున్నదో మ్యాన్‌హోలు పొంగిన రోజున ఎవరూ వివరించనక్కరలేదు. అద్దెదారు గారూ, మీ హాస్టలుకు చోటివ్వడం తప్పు కాదు. ఆ చోటికి తగిన గొట్టం వేయకుండా అంతస్తులకు అనుమతించడం తప్పు. వేపచెట్టు గారూ, మీ ఒక్క వీధిని గాజు పెట్టెలో పెట్టినా పక్క వీధుల నీరు అందులోకే పొంగుతుంది.

బ్రాడీపేట నాలుగో లైను:

గుంటూరునుంచి ఒక చిన్న సాక్ష్యం. మా బ్రాడీపేటలో, పక్కనున్న అరండల్‌పేటలో లైన్లు ఒక వైపు, వాటిని కోసుకుంటూ అడ్డరోడ్లు మరొక వైపు. నాలుగో లైను, ఏడో అడ్డరోడ్డు అనవలసిన చోట 4/7 అంటే చాలు, రిక్షా అతను తిన్నగా తీసుకువెళ్ళేవాడు. ఆ వీధుల్లో నేను చిన్నప్పుడు ఎక్కి ఆడుకున్న అరుగులు దాదాపు అన్నీ పోయాయి, మిద్దెల స్థానంలో ఆసుపత్రులు, ల్యాబులు, అపార్టుమెంట్లు వచ్చాయి. అయినా గీతలు చెక్కుచెదరలేదు, ఆ అంకెలు ఇంకా పలుకుతున్నాయి. ఇళ్ళు రెండు మూడుసార్లు మారినా ఊరి స్వభావాన్ని మోస్తున్నది ఆ గళ్ళే. అందుచేత కాపాడవలసినది ఇల్లు కాదు, అడ్డరోడ్డు అని నా అభిప్రాయం.

వేపచెట్టు వీధి:

అద్దెదారు గారు చెప్పిన చువ్వలు మా మేడ మీద కూడా ఉన్నాయి. వాటికి దండేలు కట్టి బట్టలు ఆరవేసుకున్నామే తప్ప, అవి మా నాన్నగారు వదిలిన మాట అని నాకు ఏనాడూ తోచలేదు. వీధిని యథాతథంగా నిలపాలన్న భాగాన్ని వెనక్కు తీసుకుంటున్నాను.

అయితే బ్రాడీపేటవారితో పూర్తిగా ఏకీభవించలేను. గీత మిగిలి, గీతకూ గడపకూ మధ్య ఉన్న ఆ పదడుగుల చోటు పోతే, చిరునామా మిగులుతుంది కాని పలకరింపు మిగలదు. కొత్తగా కట్టేవారు ఎన్ని అంతస్తులైనా వేసుకోనివ్వండి, గొట్టం పెంచిన తరువాత. నేల అంతస్తులో వీధి వైపున కనీసం ఒక గది, ఒక అరుగు, ఒక చెట్టుకు చోటు ఉండాలని, కార్లు వెనుకకు జరగాలని నిబంధన పెడితే హాస్టలు పిల్లలూ ఆ అరుగు మీదే కూర్చుంటారు.

డ్రాఫ్ట్స్‌మన్ గారూ, ఎం.ఐ.జి. ఇంటి అసలు నక్షా మీ దగ్గర ఉంటే దయచేసి ఇక్కడ పెట్టండి. మా వీధిలో మార్చని ఇళ్ళు ఇంకా ఏడు ఉన్నాయి. వాటిలో రెండింటికి ఒప్పందాలు అయిపోయాయి. కూల్చేలోపు టేపు పట్టి గోడ ఎత్తు, వరండా లోతు, గేటునుంచి గడప దాకా ఉన్న దూరం కొలిచి రాసుకుంటాను. ఆ ఇళ్ళవారు ఒప్పుకున్నారు.