‘ఆరవ్’ అంటే శాంతమా, శబ్దమా?

మా మేనకోడలి కొడుక్కి వచ్చే వారం బారసాల. కృత్తిక మొదటి పాదం కాబట్టి ‘అ’తోనో ‘ఆ’తోనో మొదలవ్వాలన్నారు పంతులుగారు. పిల్ల ‘ఆరవ్’ అని ఖాయం చేసుకుని, "ప్రశాంతత అని అర్థం మామయ్యా, అచ్చమైన సంస్కృతం పేరు" అంది. పేర్ల సైట్లు నాలుగు చూసిందట, అన్నిట్లో అదే ఉందట.

నాకు ‘రవ’ దగ్గరే అనుమానం వచ్చింది. పక్షుల కలరవం అంటాం కదా, రవమంటే శబ్దమే. సంస్కృత నిఘంటువు అమరకోశం తీశాను. శబ్దాదివర్గంలో ధ్వనికి పర్యాయపదాలు చెబుతూ ‘ఆరవారావసంరావవిరావాః’ అని ఉంది. విడదీస్తే ఆరవ, ఆరావ, సంరావ, విరావ. నాలుగూ చప్పుడే.

మరి శాంతం ఎలా వచ్చింది? ‘ఆ’ని ‘లేదు’ అనే అర్థంలో తీసుకుని ఉంటారని నా ఊహ. లేమిని చెప్పేది హ్రస్వమైన ‘అ’: అశాంతి, అధర్మం. ఆగమనం, ఆకర్షణలో ఉన్న ‘ఆ’ మాట ముందు చేరే ఉపసర్గ, అది ఏ లేమినీ చెప్పదు. పేరును ముందు ఇంగ్లిష్ అక్షరాల్లో రాసుకుంటే ఈ తేడా కనబడకుండా పోతుంది. పోనీ ‘అరవ’ అందామంటే మనకు తమిళం గుర్తొస్తుంది.

నిశ్శబ్దమే కావాలంటే ‘నీరవ’ ఉంది. నిః + రవ. ‘ర’ ముందు విసర్గ పోయి ‘ని’ దీర్ఘమవుతుంది, నీరసంలో లాగే. మంచి పేరు, కానీ కృత్తికకు అక్షరం కుదరదు.

కామెంట్లలో:

— పేరు వినడానికి బాగుంది కదండీ, బాలింతకి ఇప్పుడీ టెన్షన్ ఎందుకు?

— మార్చమని నేను అనలేదండీ. కానీ రేపు వాడు పెద్దవాడై తన పేరుకి అర్థం అడిగితే ఇంట్లోవాళ్లే తప్పు చెప్పకూడదు. అందుకే చెప్పాను.

— మా వీధిలో ఇద్దరు ‘జాన్హవి’లు ఉన్నారు. జహ్ను మహర్షి కూతురు జాహ్నవి అని చెబితే ఇంట్లోవాళ్లు ఆశ్చర్యపోయారు. అర్థం తెలిస్తే స్పెల్లింగూ నిలుస్తుంది. పేరు ముందు తెలుగులో రాసి, విడదీసి, తర్వాత శబ్దరత్నాకరం నిఘంటువులోనో ఆంధ్రభారతి సైట్లోనో వెతకమనండి. ఇంతకీ ఏమంది మీ మేనకోడలు?

— కాసేపు మాట్లాడలేదు. తర్వాత "వీడు పుట్టగానే పెట్టిన కేక లేబర్ రూమ్ బయటికి వినిపించింది మామయ్యా, శబ్దమే ఉండనీ" అంది. పళ్లెంలో బియ్యం మీద ‘ఆ’కి దీర్ఘం సరిగ్గా రాయమని వాళ్లాయనకు కూడా చెప్పిందట.