మబ్బులంటే పిచ్చి ఉన్న నాయన పోయాడు, అమ్మకు ఏ పుస్తకం ఇవ్వాలి?

కొండకింద ఇల్లు:
మాది తిరుపతి. మా నాయన ఈ ఏడు మాఘంలో పోయాడు. ఆయనకు మబ్బుల పిచ్చి. పొద్దున్నే మిద్దె ఎక్కి, శేషాచలం కొండ మీద మబ్బు ఎంత కిందికి దిగిందో చూసి ఈరోజు వాన ఉందో లేదో చెప్పేవాడు. సగం సార్లు తప్పేది, అయినా ఒప్పుకునేవాడు కాదు. ఇప్పుడు సరిగ్గా ఆ టైముకే అమ్మ మిద్దె మీద కూర్చుంటోంది. వచ్చిన చుట్టాలంతా గరుడపురాణం, గీత ఇచ్చిపోయారు. అమ్మకు భక్తి లేక కాదు, "అవి చదువుతుంటే మీ నాయన ఎవరో ఆత్మ అయిపోయినట్టుంది, మనింటి మనిషిలా లేడు" అంటోంది. వారపత్రికల సీరియల్స్ వదలకుండా చదివిన మనిషి, పద్యమంటే భయం లేదు, కానీ నిఘంటువు పక్కన పెట్టుకునే ఓపిక ఇప్పుడు లేదు. కాళిదాసు మేఘసందేశం తెలుగు వచనంలో కొనిద్దామనుకుంటున్నా. మబ్బు ఉంది, భార్యాభర్తల ఎడబాటు ఉంది. సరిపోతుందా? నాక్కూడా ఒకటి చెప్పండి, ఇంగ్లీషైనా పర్లేదు.

పాతకాలం పంతులు, చిత్తూరు:
నాయనా, కొనేముందు ఒక మాట విను. మేఘసందేశంలో ఎవరూ చనిపోరు. కొలువులో ఏమరుపాటుకు యక్షుడికి ఏడాది శాపం పడింది, రామగిరి మీద ఒంటరిగా ఉన్నాడు, ఆషాఢంలో మబ్బు కనిపించేసరికి ఇంకా నాలుగు నెలలే మిగిలాయి. విష్ణువు శేషశయ్య మీంచి లేచే రోజుకు శాపం తీరిపోతుందని వాడే భార్యకు కబురు పెడతాడు. అంటే ఆ ఏడుపుకు గడువు ఉంది. మీ అమ్మకు అది లేదు కదా. బాగా రాసిన కావ్యం కాబట్టి ఇంకా గుచ్చుకుంటుంది. (పక్కమాట: విష్ణువు లేచేది కార్తీక శుద్ధ ఏకాదశికి. తిరుపతి వైపు వానలు గట్టిగా పట్టేది ఆ రోజుల్లోనే. కాళిదాసు మన ఊరివాడైతే యక్షుడికి మబ్బు కనిపించేసరికి శాపం తీరిపోయి ఉండేది!)

అదే కాళిదాసు రఘువంశం ఎనిమిదో సర్గ చూడు. నారదుడి వీణ మీది పూలదండ జారి మీద పడి అజ మహారాజు భార్య ఇందుమతి చనిపోతుంది. అజుడు "గృహిణీ సచివః సఖీ" అని ఏడుస్తాడు, ఇల్లాలివి, సలహా చెప్పేదానివి, నేస్తానివి, నిన్ను తీసుకుపోయి మృత్యువు నాకింకేం మిగిల్చింది అని. వసిష్ఠుడు శిష్యుడితో వేదాంతం చెప్పి పంపిస్తే అది అజుడి మనసుకెక్కదు. కొడుకు దశరథుడు పసివాడు కాబట్టి ఎనిమిదేళ్లు ఎలాగో ఈడుస్తాడు, భార్య బొమ్మలు చూసుకుంటూ, కలల్లో కాసేపు కలుసుకుంటూ. గరుడపురాణం గురించి మీ అమ్మ అన్నమాట కాళిదాసుకు ముందే తెలుసు. అయితే చివర్లో అజుడు గంగా సరయూ సంగమంలో దేహం వదిలేస్తాడు. ముందు నువ్వు చదువు, అక్కడిదాకా అమ్మకు ఇవ్వాలో వద్దో నువ్వే తేల్చుకో.

పుత్తూరు పద్మ:
సార్, మీరు చెప్పింది బాగుంది, కానీ అజుడు మగవాడు. విశ్వనాథ సత్యనారాయణ గారి వరలక్ష్మీ త్రిశతి కూడా భార్య పోతే భర్త రాసిందే. భర్త పోయిన ఆడమనిషి గొంతు ఎక్కడ? కుమారసంభవం నాలుగో సర్గలో రతీదేవి ఏడుస్తుంది, కానీ మధ్యలో ఆకాశవాణి వచ్చి నీ మన్మథుడు మళ్లీ వస్తాడని చెప్పేస్తుంది. మళ్లీ గడువే!

తమ్ముడూ, నీకైతే జోన్ డిడియన్ రాసిన 'ద ఇయర్ ఆఫ్ మాజికల్ థింకింగ్' (2005). 2003 డిసెంబరు 30 రాత్రి భోజనానికి కూర్చున్న చోటే ఆమె భర్త కుప్పకూలిపోయాడు. తర్వాత ఆయన బట్టలు సర్దుతూ బూట్లు మాత్రం ఇచ్చేయలేకపోతుంది, తిరిగొస్తే వేసుకోవాలి కదా అని. పిచ్చి పట్టిందని ఎవరూ అనుకోని పిచ్చి అది, ఆమె దాన్ని బయట నిలబడి చూసినట్టు రాసింది. మీ నాయన చెప్పులు ఇంకా గుమ్మం దగ్గరే ఉంటే ఈ పుస్తకం నీకు అర్థమవుతుంది. ఉపదేశం ఒక్క ముక్క ఉండదు. చదివి, నచ్చిన చోట్లు అమ్మకు నీ మాటల్లో చెప్పు.

గాదంకి వైపు:
సాహిత్యం నాకు పెద్దగా తెలీదు, సైన్సు చదివా. మీ నాయన లెక్క పూర్తిగా తప్పేం కాదండి. బంగాళాఖాతం నుంచి తేమగాలి వచ్చి కొండకు తగిలి పైకి లేస్తుంది, లేచేకొద్దీ చల్లబడి మబ్బవుతుంది. గాలిలో తేమ ఎంత ఎక్కువుంటే మబ్బు అడుగు అంత కిందికి ఉంటుంది. ఆయన చూసింది తేమని. వాన పడాలంటే గాలి ఇంకా పైకి లేవాలి, అది మిద్దె మీద నుంచి కనిపించదు, అందుకే సగం తప్పేది. గాదంకిలో ఎంఎస్‌టీ రాడార్ (పై ఎత్తుల్లో గాలి కదలికలు కొలిచే రాడార్) పెట్టుకుని ఆ పైకీ కిందికీ కదిలే గాలిని కూడా కొలుస్తారు. మబ్బులకు పేర్లు పెట్టిన లూక్ హోవార్డ్ కూడా పెద్ద శాస్త్రవేత్తేం కాదు, మందుల వ్యాపారి, 1802లో లండన్‌లో ఆ పేర్ల మీద ప్రసంగం చేశాడు. గావిన్ ప్రెటర్-పిన్నీ 'ద క్లౌడ్‌స్పాటర్స్ గైడ్' (2006) సరదాగా ఉంటుంది. దుఃఖం పుస్తకం కాదు, అమ్మకు పక్కన కూర్చుని మబ్బుల పేర్లు చెప్పొచ్చు.

కొండకింద ఇల్లు:
అందరికీ థ్యాంక్స్. చెప్పులు గుమ్మం దగ్గరే ఉన్నాయి అక్కా. తేమ సంగతి అమ్మకు చదివి వినిపించా, "అయితే సగం కరెక్టే కదా, ఆయన చెప్పిందీ అదే" అంది. సార్, రఘువంశం తాత్పర్యంతో ఎక్కడ దొరుకుతుంది?

పాతకాలం పంతులు, చిత్తూరు:
ఎస్వీ యూనివర్సిటీ లైబ్రరీలో అడుగు, ప్రతిపదార్థంతో ఉన్న పాత ముద్రణ అయితే మంచిది. ఎనిమిదో సర్గ ఒక్కటే జిరాక్స్ తీయించు, పుస్తకమంతా మోయక్కర్లేదు. అక్షరాలు కాస్త పెద్దవి చేయించు.