నెటిల్ ఆకు పప్పులో వేయొచ్చా? మోకాళ్ళ నొప్పులకి పనిచేస్తుందా?

యార్క్‌షైర్ కోడలు:
అందరికీ నమస్కారమండీ. ఇక్కడ ఇంగ్లండ్‌లో మా ఇంటి వెనక కంచె పొడవునా, తాకితే కుట్టే నెటిల్ మొక్కలు మోకాలెత్తు పెరిగాయి. పీకించేద్దామని అనుకుంటుంటే పక్కింటి ఆంటీ "అయ్యో, ఎందుకు? సూప్ చేసుకోండి, పాలకూర కంటే బాగుంటుంది" అన్నారు. మా అత్తగారు గుంటూరు నుంచి వచ్చి ఉన్నారు. ఇక్కడ గోంగూరా తోటకూరా సరిగ్గా దొరక్క ఆవిడకి విసుగొచ్చేసింది. ఆకు చూపిస్తే "ఇది మన దురదగొండే, దీన్ని మనుషులు తింటారటే?" అన్నారు. మర్నాడు యూట్యూబ్‌లో ఏదో వీడియో చూసి "మోకాళ్ళ నొప్పులకి మంచిదట, కాస్త కషాయం కాచివ్వవే" అన్నదీ ఆవిడే! ఆవిడ బీపీకీ షుగరుకీ మాత్రలు వేసుకుంటారు.

నిన్న మా బాబు బంతి తీయబోయి అందులో చెయ్యి పెట్టేశాడు. చర్మమంతా తెల్లగా దద్దుర్లు లేచి ఒకటే ఏడుపు. ఇంత మంట పుట్టించే ఆకు వండితే నోట్లో దురద పెట్టదా? చేమాకుకి వేసినట్టు చింతపండు వేయాలా? ఎలా కోయాలి, ఎలా వండాలి, వండినవాళ్ళెవరైనా చెప్పండి ప్లీజ్.

బ్రిస్టల్ మాస్టారు:
అమ్మాయ్, ముందు మీ అత్తగారి అనుమానం తీరుద్దాం. మన దురదగొండి వేరు, ఇది వేరు. మన వైపు దురదగొండి, దూలగొండి అనేవి తీగలు. దూలగొండి చిక్కుడు జాతిది, దాని కాయల మీది నూగుతోనే దురద. మీ పెరట్లోది తీగ కాదు, నిటారుగా పెరిగే మొక్క. ఆకులు ఎదురెదురుగా జంటలుగా ఉంటాయి, అంచులకి రంపపు పళ్ళుంటాయి, కాడ మీదా ఆకు మీదా సన్నటి ముళ్ళలాంటి నూగు ఉంటుంది.

ఆ నూగులో ఒక్కో వెంట్రుకా లోపల బోలుగా ఉంటుంది, కొన మాత్రం గాజులా పెళుసు. చెయ్యి తగలగానే కొన విరిగి, ఇంజక్షన్ సూదిలా చర్మంలో దిగి, లోపలి ద్రవాన్ని వదులుతుంది. ఫార్మిక్ ఆసిడ్ ఒక్కటే కారణమని చాలామంది అనుకుంటారు కానీ అందులో హిస్టమిన్, అసిటైల్‌కోలిన్, సెరటోనిన్ కూడా ఉంటాయి. దద్దుర్లు లేచేది అందుకే. వేడినీళ్ళు తగిలితే ఆ వెంట్రుకలు మెత్తబడి వాలిపోతాయి, ఇక గుచ్చుకోవు. చేమాకు సంగతి వేరు. అక్కడ దురద పెట్టేది కాల్షియం ఆక్సలేట్ స్ఫటికాలు, అవి ఒక్క ఉడుకుకి పోవు కాబట్టే పులుపు వేసి బాగా ఉడికిస్తాం. నెటిల్‌కి దురద కోసం చింతపండు అక్కర్లేదు, రుచి కోసం అయితే వేసుకో.

కోతకి వంటింటి మందపాటి రబ్బరు గ్లవ్స్, నిండు చేతుల చొక్కా, కత్తెర ఉంటే చాలు. మొక్క మొత్తం వద్దు. పైన చిగురు, దాని కింద రెండు జతల ఆకులు, అంతే. కింది ఆకులు పీచుగా ఉంటాయి. దారి పక్కన, కుక్కల్ని తిప్పే చోట, కలుపు మందు కొట్టిన చోట కోయొద్దు. మీ పెరడు మీ ఇష్టం. బయట పొలం గట్ల మీద కోసినా, ఇంటి వాడకానికైతే ఇంగ్లండ్, వేల్స్‌లలో ఆకులు తుంచుకోవడం దొంగతనం కిందకి రాదని 1968 నాటి థెఫ్ట్ యాక్ట్‌లోనే ఉంది. వేళ్ళతో సహా పీకాలంటే మాత్రం స్థలం యజమానిని అడగాలి.

ఇంకో మాట. ఆకులు దగ్గరకి ముడుచుకుని సాలెగూడులాంటిది, దాంట్లో నల్లటి గొంగళి పురుగులు కనిపిస్తే ఆ కొమ్మ వదిలేయండి. పీకాక్, స్మాల్ టార్టాయిస్‌షెల్ సీతాకోకచిలుకల పిల్లలు తినేది ఈ ఆకునే.

యార్క్‌షైర్ కోడలు:
మాస్టారూ, చాలా థాంక్స్. మళ్ళీ కుట్టించుకుంటే ఏం చేయాలి? ఇక్కడందరూ డాక్ ఆకు రుద్దమంటున్నారు.

బ్రిస్టల్ మాస్టారు:
రుద్దకు. రుద్దితే విరిగిన ముక్కలు ఇంకా లోపలికి పోతాయి. పది నిమిషాలు ముట్టుకోకుండా ఆరనిచ్చి, సబ్బు నీళ్ళతో కడిగి, సెలోటేప్ అంటించి లాగితే మిగిలినవి వస్తాయి. మంట తగ్గకపోతే క్యాలమైన్ పూయి. పెదవులు వాచినా ఊపిరి ఆడకపోయినా ఆకులూ పసర్లూ పక్కనపెట్టి వెంటనే 999కి ఫోన్ చెయ్యాలి.

డాక్ అంటే మన చుక్కకూరకి దాయాదే, రెండూ రూమెక్స్ అనే ప్రజాతిలోవి. రుద్దితే చల్లగా ఉంటుంది, పిల్లాడి ధ్యాస మళ్ళుతుంది. అంతకు మించి మందు గుణం ఉందని నేను నమ్మను.

డెహ్రాడూన్ తెలుగోడు:
అక్కా, మీరు ఇంగ్లండ్‌లో కూర్చుని తటపటాయిస్తున్న ఆకుని ఇక్కడ ఉత్తరాఖండ్‌లో ప్రేమగా వండుకుంటారు! గఢ్వాల్ వాళ్ళు కండాళీ అంటారు, కుమావూ వైపు సిసూణ్, హిందీలో బిచ్ఛూ ఘాస్. నేపాల్లో సిస్ను. అల్లరి చేస్తే బిచ్ఛూ ఘాస్‌తో కొడతామని ఇక్కడ పిల్లల్ని బెదిరించేవాళ్ళట, మా ఇంటి ఓనరు నవ్వుతూ చెబుతుంటారు.

వాళ్ళింట్లో కండాళీ కా సాగ్ ఎలా చేస్తారో చూశాను, చెబుతా. చిగుళ్ళని పట్టకారుతో తుంచి, అలాగే పట్టకారుతోనే నీళ్ళలో జాడించి, మరిగే నీళ్ళలో వేస్తారు. ఉడికాక నీళ్ళు పిండి రోట్లో నూరతారు, మిక్సీ అయినా సరే. ఇనుప కడాయిలో ఆవనూనె కాచి, అందులో జఖియా, ఎండుమిర్చి, వెల్లుల్లి వేసి చిటపటమన్నాక నూరిన ఆకు వేస్తారు. చిక్కదనానికి నానబెట్టిన బియ్యం రుబ్బి కాస్త కలుపుతారు. ఆ కూర ముదురు ఆకుపచ్చగా, బురదలా ఉంటుంది, చూస్తే తినబుద్ధి కాదు. ఝంగోరా అన్నంలో కలుపుకుని తింటే తెలుస్తుంది దాని సంగతి. ఝంగోరా అంటే మన ఊదలే. జఖియా కూడా మనకి కొత్తేం కాదు, మన పొలం గట్ల మీద పసుపు పూలు పూసే కుక్కవామింట గింజలు! ఇక్కడ వాటిని పోపుల డబ్బాలో పెట్టుకుంటారు. మీకు దొరకదు కాబట్టి ఆవాలు, జీలకర్ర వేసేయండి.

నెల్లూరు వంటిల్లు, ప్రస్తుతం స్వీడన్:
మేమిక్కడ ఏటా వసంతంలో వండుతాం. స్వీడన్ వాళ్ళు సూప్ చేసి ఉడికించిన గుడ్డు ముక్కలు వేసుకుంటారు, అదొకసారి తిన్నాను, చప్పగా ఉంది. మన పద్ధతే బాగుంటుంది.

పప్పుకి: పెద్ద చిల్లుల గిన్నె నిండా ఆకు తీసుకోండి, ఉడికితే గుప్పెడు అవుతుంది, కంగారుపడకండి. గ్లవ్స్ తీయకుండానే కడిగి, సలసల మరిగే ఉప్పునీళ్ళలో రెండు నిమిషాలు ముంచి, వెంటనే చన్నీళ్ళలో వేయండి. అప్పుడు గ్లవ్స్ తీసేయొచ్చు. పిండి సన్నగా తరగాలి, పచ్చిమీద తరగబోతే వేళ్ళు మండుతాయి. ముప్పావు కప్పు కందిపప్పు విడిగా మెత్తగా ఉడికించి, పచ్చిమిర్చి, టమాటా, కాస్త చింతపండు రసంతో ఆకుని ఐదు నిమిషాలు మగ్గనిచ్చి పప్పులో కలిపేయడమే. పోపులో వెల్లుల్లి, ఇంగువ మాత్రం తగ్గించొద్దు. ఈ ఆకుకి పచ్చి గడ్డి వాసన ఒకటి ఉంటుంది, దాన్ని అణిచేవి ఆ రెండే. ఉడికించిన నీళ్ళు పారబోయకండి, చారు పెట్టుకోవచ్చు.

పచ్చడి ఇంకా బాగుంటుంది. వేయించిన పల్లీలు, ఎండుమిర్చి, చింతపండు వేసి, ఉడికించి పిండిన ఆకుని నూనెలో తడి ఆరేదాకా వేయించి రుబ్బాలి. ఆ తడి ఆరకపోతే పచ్చడి పసరు రుచి వస్తుంది. గోంగూర అనుకుని తినమని మీ అత్తగారికి చెప్పకండి, పులుపుండదు కాబట్టి ఇట్టే దొరికిపోతారు. తోటకూరకి అక్క అనండి.

పకోడీల్లోకైతే ఉడికించనక్కర్లేదు. కడిగి బాగా ఆరబెట్టిన చిగురుని శనగపిండిలో ముంచి కాగే నూనెలో వేస్తే చాలు. ముంచేటప్పుడు పట్టకారు వాడండి.

మందుల షాపు అక్క, లెస్టర్:
ఫార్మసిస్టుని కాబట్టి ఆ కషాయం సంగతి దగ్గర నేను ఆగాల్సి వస్తోంది. పప్పులో తింటే ఇది మామూలు ఆకుకూరే. రోజూ కప్పులకి కప్పులు కషాయంగానో మాత్రలుగానో మొదలెడితే మందు కింద లెక్క వేయాలి.

మీ అత్తగారి విషయంలో: నెటిల్ ఆకు మూత్రం ఎక్కువ పోయేలా చేయగలదు, బీపీనీ షుగర్‌నీ కూడా కొంచెం తగ్గించగలదు. ఆవిడ ఇప్పటికే మాత్రలు వేసుకుంటున్నారు, రెండూ కలిస్తే కళ్ళు తిరగడం, షుగర్ పడిపోవడం జరగొచ్చు. కాబట్టి కషాయం డాక్టర్‌ని అడక్కుండా వద్దు. లిథియం వాడేవాళ్ళు, కిడ్నీ జబ్బులున్నవాళ్ళు కూడా దూరంగా ఉండాలి. గర్భిణులు కషాయం, మాత్రల జోలికి పోవద్దు.

మోకాళ్ళ సంగతి. 2000లో ప్లిమత్‌లో ఒక చిన్న ప్రయోగం జరిగింది, 27 మంది మీద. చేతి బొటనవేలి మొదట్లోనో చూపుడువేలి మొదట్లోనో కీళ్ళ అరుగుదల ఉన్నవాళ్ళకి పచ్చి నెటిల్ ఆకుని రోజూ అక్కడ తగిలించి కుట్టించారు. కుట్టని ఆకు తగిలించిన వారంతో పోలిస్తే నొప్పి తగ్గిందన్నారు. చూశారా, అది చేతి వేలు, పైగా కుట్టించుకోవడం. దాన్ని పట్టుకుని కషాయం తాగితే మోకాళ్ళ నొప్పి పోతుందనడం వీడియో వాళ్ళ ఉత్సాహం. ప్రోస్టేట్ వాపుకి జర్మనీలో వాడేది నెటిల్ వేరు సారం, ఆకు కాదు. అదీ డాక్టర్ చూశాకే.

ఐరన్ గురించి కూడా అతి ప్రచారం ఉంది. ఉడికించిన నెటిల్ వంద గ్రాముల్లో ఐరన్ ఒకటిన్నర మిల్లీగ్రాముల పైచిలుకే. నిజంగా చెప్పుకోవాల్సింది కాల్షియం, సుమారు 480 మిల్లీగ్రాములు. రక్తహీనతకి ఇదే మందని మాత్రలు మానేయకండి.

యార్క్‌షైర్ కోడలు:
అక్కా, మంచి పని చేశారు. మామగారు కూడా వచ్చే నెల వస్తున్నారు. ఆయన గుండె వాల్వ్ ఆపరేషన్ అయ్యాక వార్ఫరిన్ వాడుతున్నారు. ఆయన పప్పు తినొచ్చా?

మందుల షాపు అక్క, లెస్టర్:
వార్ఫరిన్ పేరు చెప్పడం మంచిదైంది. దీంట్లో విటమిన్ కె చాలా ఎక్కువ, వంద గ్రాములకి దాదాపు 500 మైక్రోగ్రాములు, ఉడికిన పాలకూరతో సమానం. రక్తం పల్చగా ఉంచడానికి ఆ మందు పడే పాటుకి ఇది అడ్డం. ఆకుకూరలు మొత్తం మానమని కాదు, వారం వారం తినే మోతాదు ఒకేలా ఉండాలి. ఈ వారం కంచం నిండా, వచ్చే వారం అసలు లేకుండా అంటే ఐఎన్ఆర్ (రక్తం ఎంతసేపట్లో గడ్డకడుతోందో చెప్పే పరీక్ష అంకె) ఊగిసలాడుతుంది. ఆయన వచ్చాక ఐఎన్ఆర్ చూసే క్లినిక్‌లో ఒక్క మాట చెప్పండి. అప్పటిదాకా ఆయన కంచంలో మామూలు ముద్దపప్పు వేయండి.

పాడేరు పిల్ల:
ఇది చదివి ఆంధ్రలో, తెలంగాణలో ఉన్నవాళ్ళెవరూ కొండకి వెళ్ళి దురదగొండి కోసుకురావద్దండీ. పైన మాస్టారు చెప్పింది నెటిల్ గురించి. వేడినీళ్ళలో వేస్తే అన్నిటికీ దురద పోతుందనుకోవద్దు. ఇంకో చిక్కు కూడా ఉంది. ఇంగ్లీషులో ఇండియన్ నెటిల్ అని వెతికితే మన కుప్పింటాకు వస్తుంది. అది కుట్టదు కానీ, జీ6పీడీ అనే ఎంజైమ్ పుట్టుకతోనే తక్కువగా ఉన్నవాళ్ళు తింటే ఎర్ర రక్తకణాలు దెబ్బతిన్న కేసులున్నాయి. పేరు చూసి వండేయకండి.

యార్క్‌షైర్ కోడలు:
పప్పు చేశానండీ! ఇంగువ దండిగా వేశాను. అత్తగారు మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని కాసేపు ఆలోచించి "కొయ్యతోటకూరలా ఉందే" అన్నారు, రెండోసారి వడ్డించుకున్నారు. కషాయం మాట ఎత్తట్లేదు, డాక్టర్ అపాయింట్‌మెంట్ తీసుకున్నాం. ఆఖరి ప్రశ్న: కొన్ని మొక్కలకి ఆకుల దగ్గర పచ్చటి దారాల్లా వేలాడుతున్నాయి. అవేనా పూలు? ఇంకా కోయొచ్చా? ఫ్రీజ్ చేయొచ్చా?

బ్రిస్టల్ మాస్టారు:
అవే పూలు. అవి వచ్చాక ఆ మొక్క ఆకు తినొద్దు. ముదిరిన ఆకులో కాల్షియం కార్బొనేట్ గుళికలు చేరతాయి, నోటికి గరగరలాడతాయి, మూత్రనాళానికీ చికాకు చేస్తాయంటారు. ఆ మొక్కల్ని నేల దాకా కత్తిరించేయి, కొన్ని వారాల్లో మళ్ళీ లేత చిగురు వస్తుంది. అలా కోసుకుంటూ పోతే శరదృతువు దాకా కూర ఉంటుంది. సీతాకోకల కోసం ఒక మూల మాత్రం కొట్టకుండా వదిలేయి.

రెండు నిమిషాలు ఉడికించి, పిండి, ఒక్కో పప్పుకి సరిపడా ఉండలు చేసి ఫ్రీజర్లో పెట్టుకో. కోసిన ముదురు ఆకుని పారేయకు, కిలో ఆకుకి పది లీటర్ల నీళ్ళు బకెట్‌లో పోసి మూత పెట్టి రెండు వారాలు మురగనివ్వు. ఒక వంతుకి పది వంతుల నీళ్ళు కలిపి టమాటా మొక్కల మొదట్లో పోస్తే బాగా ఎదుగుతాయి. కానీ ఆ బకెట్ పక్కింటి ఆంటీ కిటికీకి దూరంగా పెట్టు, కంపు మామూలుగా ఉండదు.