టేకు పలకల మధ్య సందులకు బద్దెలు ఏ నెలలో దించాలి?

పాత మండువా ఇంటి పై గది. దూలాల మీద టేకు పలకలు, ఒక్కోటి 8 అంగుళాల వెడల్పు, అంగుళం మందం. ఎండాకాలంలో సందులు 6 మిల్లీమీటర్ల దాకా తెరుచుకుంటాయి, వానలు పడ్డాక సగానికి మూసుకుంటాయి. రంపపు పొట్టు, చెక్క జిగురు కలిపి కూరితే ఏడాది తిరక్కుండానే పెళ్లలుగా ఊడి కింది గదిలో రాలింది. పలక కదులుతుంది, ఎండిన ముద్ద కదలదు.

ఈసారి పాత టేకుతోనే సన్నటి బద్దెలు కోసి, కిందివైపు కాస్త సన్నగా చిత్రిక పట్టి, ఒక పక్కకే జిగురు రాసి దించాలని ఉంది. రెండు పక్కలా అంటిస్తే పలకే చీలుతుంది. మే నెలలో బిగిస్తే ఆగస్టులో పలకలు పైకి లేస్తాయేమో, వానాకాలంలో దించితే వేసవికి మళ్లీ సందే. ఫిబ్రవరి సరైనదా? గోడవార సందులో జనపతాడు చాలా? చేసినవాళ్లు చెప్పండి.