చీటీ పాటలో అవసరం లేకపోయినా పాట పెంచడం తెలివా, అన్యాయమా?

తెనాలి కోడలు:
మా వీధిలో లక్ష రూపాయల చీటీ నడుస్తోంది. 20 మందిమి, నెలకు 5 వేలు. మొదటి నెల చీటీ నడిపే అక్కది, రెండో నెల నుంచి పాట: లక్షలో ఎవరు ఎక్కువ వదులుకుంటామంటే ఆ నెల చీటీ వాళ్లకు, వదులుకున్నదాంట్లో కమీషన్ పోను మిగిలింది అందరికీ సమానంగా. మొన్న నాలుగో నెల పాటలో జరిగింది చెబుతాను. మా పక్కింటావిడకు కొడుకు ఇంజనీరింగ్ ఫీజు కట్టాలి. ఈ నెల చీటీ తనకు తప్పనిసరి అని ముందే అందరికీ చెప్పుకుంది. ఆవిడ 22 వేలు అనేసరికి అందరూ ఆగిపోయారు, ఒకాయన తప్ప. ఆయన ఇరవై మూడు అంటే ఈవిడ ఇరవై నాలుగు. కొంగు చివర వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ పెంచుతూనే ఉంది. చివరికి ఆవిడ ముప్పై నాలుగు అనగానే ఆయన నవ్వి "తీసుకోండమ్మా" అన్నాడు. లక్ష చీటీకి చేతికొచ్చింది 66 వేలు. ఆయనకు ఇప్పుడు డబ్బు అవసరం లేదని మాకందరికీ తెలుసు. అడిగితే "పాట పెరిగితే అందరికీ లాభమే కదా" అంటాడు. నాకు ఆ రాత్రి నిద్ర పట్టలేదు. మీరేమంటారు?

బెజవాడ బట్టల కొట్టు:
అన్యాయం అనను అమ్మా. నేను చాలా ఏళ్లుగా చీటీలు కడుతున్నాను, ఎప్పుడూ చివర్లోనే తీసుకుంటాను. మాలాంటి వాళ్లకు వచ్చే వడ్డీ ముందు పాడినవాళ్ల దగ్గర నుంచే రావాలి, ఇంకెక్కడి నుంచీ రాదు. పాట 10 వేలకే పోయిందనుకోండి. కమీషన్ 5 వేలు తీసేస్తే మిగిలింది తలా 250. మధ్యలో ఎవరైనా ఎగ్గొడితే ఆ టెన్షన్ కూడా మాదే. ఆవిడ 34కి ఒప్పుకుందంటే ఆ డబ్బు ఆవిడకు అంత అవసరం.

హనుమకొండ లెక్కల టీచర్:
అన్నా, లెక్క వేసి చూద్దాం. పాట ఒక్కో వెయ్యి పెరిగితే పెంచినాయనకు వచ్చేది 50 రూపాయలు. 22 నుంచి 34కి తీసుకెళ్లి ఆయన సంపాదించింది 600. ఆవిడకు పోయింది 12 వేలు, తన వంతు 600 తిరిగొస్తే 11,400.

ఇప్పుడు ఆయన పెట్టిన పణం చూడండి. 33 దగ్గర ఆవిడ నోరు మూసుకుని ఉంటే చీటీ ఆయన మెడకే పడేది. చివరి నెల దాకా ఆగితే కమీషన్ పోను 95 వేలు తీసుకోవాల్సిన మనిషి, ఇప్పుడే 67 వేలు తీసుకునేవాడు. ఆ 67 వేలను 16 నెలలు తిప్పి 28 వేలు రాబట్టాలంటే నూటికి నెలకు రెండు రూపాయల అరవై పైసల వడ్డీ దొరకాలి. 600 కోసం ఎవరైనా అంత తలకెత్తుకుంటారా? ఆవిడ మధ్యలో ఆపే స్థితిలో లేదని ముందే తెలుసు కాబట్టి ఎత్తుకున్నాడు. ఆవిడ నోటితో చెప్పిన మాటే ఆయన చేతిలో పేకముక్క అయింది. నాకు బాధ అక్కడే.

బెజవాడ బట్టల కొట్టు:
మా బజార్లో రెండు రూపాయల వడ్డీ మామూలే మాస్టారూ. మీరన్నంత నష్టం ఆయనకు లేదు.

డాలస్ తమ్ముడు:
అక్కా, నోటిపాట మానేసి కాగితాల మీద రాసి వేయించండి. విలియం విక్రీ అనే ఆర్థికవేత్త 1961లోనే రాశాడు: ఎక్కువ రాసినవాళ్లకే వస్తువు ఇవ్వాలి, కానీ రెండో స్థానంలో ఉన్నవాళ్లు రాసిన ధరకు. అలా చేస్తే ఎవరికి వాళ్లు మనసులో ఉన్నది రాయడమే మేలు. ఆయనకు 1996లో నోబెల్ కూడా వచ్చింది.

హనుమకొండ లెక్కల టీచర్:
తమ్ముడూ, మామూలు వేలానికి అది సరే. చీటీలో ఓడినవాడికి కూడా పాటలో వాటా ఉంది. రెండో ధరకు ఇస్తే ఆయన రాసే అంకే మళ్లీ ఆవిడ ధర అవుతుంది. ఆవిడ ముఖం చూస్తూ పెంచే వీలు పోతుంది గానీ పెంచే దారి పూర్తిగా మూసుకుపోదు. నా మాట వింటే, ఎవరు రాసిన ధర వాళ్లకే పెట్టండి. అప్పుడు ఓడిన కాగితం పాటను ఒక్క రూపాయి కూడా కదపలేదు. ఇందులోనూ ఒక చిక్కుంది, దాచను: భయపడిన మనిషి అవసరానికి మించి రాసేస్తుంది.

పాలకొల్లు పిన్ని:
20 నెలలు ఒకరి ముఖం ఒకరు చూడాలమ్మా. మా చీటీలో ఇలాగే పెంచినాయనకు కూతురి పెళ్లికి డబ్బు కావాల్సి వచ్చింది. ఆ రోజు నలుగురు ఆడవాళ్లు ఒకరి తర్వాత ఒకరు పాట పెంచారు. అందులో నేనూ ఉన్నాను. తర్వాత వాళ్లింటి పెళ్లి భోజనం నాకు గొంతు దిగలేదు.

డాలస్ తమ్ముడు:
పిన్నీ, రాబర్ట్ ఆక్సెల్‌రాడ్ అనే ప్రొఫెసర్ మళ్లీ మళ్లీ ఆడే ఆటల మీద కంప్యూటర్ పోటీలు రెండు పెట్టాడు. రెండింట్లోనూ గెలిచింది, ముందు మంచిగా మొదలుపెట్టి, ఆ తర్వాత ఎదుటివాడు చేసిందే తిరిగి చేసే పద్ధతి. ఎదుటివాడు దారికొస్తే అది కూడా వెంటనే కోపం వదిలేస్తుంది. మీరు నలుగురూ చేసింది అందులో సగమే, తిరిగి చేయడం వరకే.

బెజవాడ బట్టల కొట్టు:
పెంచడం తప్పని తేల్చేస్తే రేపు ఇంకో బెడద వస్తుంది. పదిమంది కలిసి "ఈ నెల నువ్వు, వచ్చే నెల నేను" అని ముందే మాట్లాడుకుని 6 వేలకే పాట ముగిస్తారు. చివరి దాకా ఆగినవాళ్లు మునుగుతారు. దానికి ఎవరూ అన్యాయం అని పేరు పెట్టరు. కాగితాలకు నేనూ ఒప్పుకుంటాను, కానీ తక్కువలో తక్కువ ఇంత అని ఒక పాట ముందే రాసుకోండి.

తెనాలి కోడలు:
అందరికీ దండాలు. నిన్న సాయంత్రం అక్క ఇంట్లో కూర్చున్నాం. కాగితాల మీద రాద్దామని 13 మంది, నోటిపాటే ఉండాలని ఏడుగురు. కనీస పాట 8 వేలు అనుకున్నాం. ఆ ఏడుగురిలో ఇద్దరు ఇప్పటికే చీటీ ఎత్తుకున్నవాళ్లు. ఇక నుంచి పాట ఎంత పెరిగితే వాళ్లకు నెలనెలా కట్టేది అంత తగ్గుతుంది, అందుకని. పక్కింటావిడకూ అదే లాభం. ఆవిడ మాత్రం కాగితాలకే చెయ్యెత్తింది.