టాంపెరే చర్చి పైకప్పులో పాము: సింబెర్గ్ చేసింది సబబేనా?

గోదారిగట్టు:
ఫిన్లాండ్‌లో టాంపెరే కేథడ్రల్ 1907లో పూర్తయింది. లోపలి చిత్రాలు చాలావరకు హ్యూగో సింబెర్గ్ వేసినవే. ఒకచోట నల్ల అంగీల అస్థిపంజరాలు తోటపని చేస్తుంటాయి. ఇంకోచోట పన్నెండు మంది కుర్రాళ్లు ఒంటిమీద నూలుపోగు లేకుండా గులాబీల దండ మోస్తుంటారు. పైకప్పు నడిమధ్యలో ఆపిల్ కరుచుకున్న పాము! అప్పట్లోనే పెద్ద రభస అయింది. గ్యాలరీలో ఏమైనా వేసుకోవచ్చు. ప్రార్థనకు వచ్చినవాళ్ల నెత్తిన పాము పెట్టడం మాత్రం కళాకారుడి మొండితనమే అంటాను.

పాతకుంచె:
మొండితనం అనకండి సార్. 'మృత్యువు తోట'ను ఆయన 1896లోనే చిన్న బొమ్మగా వేశాడు. దాన్ని కాస్త పెద్దది చేసి చూడండి. ముందున్న అస్థిపంజరం ఒక పూలమొక్కను గుండెకు హత్తుకుని ఉంటుంది, మన ఇంట్లో పెద్దావిడ కుండీని పట్టుకున్నట్టు. జడిపించాలనుకున్నవాడు అలా వేస్తాడా?

రెల్లుపొద:
నాకైతే అది బైబిల్ కన్నా పల్లెటూరి నమ్మకాలకే దగ్గరగా అనిపిస్తుంది. ఆయన 1895లో వేసిన 'హల్లా' చూశారా? పంట మీద రాత్రిపూట పడే మంచుదెబ్బను అక్కడ హల్లా అంటారు. కోసిన పంట కుప్ప మీద పెద్ద చెవుల పాలిపోయిన జీవి ఒకటి కూర్చుని చలిని ఊదుతుంటుంది. 1866-68 కరువులో ఆ దేశ జనాభాలో దాదాపు 8 శాతం పోయారు. అలాంటి చోట పుట్టిన బొమ్మల్లో చావు పక్కింటి మనిషిలా తిరగడంలో వింతేముంది? ఆయన గురువు గాలెన్-కల్లెలా ఫిన్లాండ్ జాతీయ ఇతిహాసమైన కాలేవాలాలోని వీరులను వేస్తే, ఈయన పేరులేని చిన్న చిన్న దయ్యాలను పట్టుకున్నాడు. నాకు శిష్యుడే నచ్చుతాడు, ఎవరేమనుకున్నా సరే.

గోదారిగట్టు:
జానపదం అయితే చర్చిలో ఎందుకండీ? నా గొడవే అది.

రెల్లుపొద:
ఆ చర్చికి వచ్చేది ఎవరు? టాంపెరే మిల్లుల ఊరు. 'గాయపడ్డ దేవదూత'లో కళ్లకు గుడ్డ కట్టిన దేవదూతను ఇద్దరు పిల్లలు మోసుకెళ్తారు. 1903 నాటి అసలు చిత్రంలో వెనక హెల్సింకీలోని తీరం ఉంటుంది. చర్చి గోడ మీద అదే బొమ్మ వెనక ఫ్యాక్టరీ గొట్టాలు పెట్టాడు. వచ్చేవాళ్లను లెక్కలోకి తీసుకోలేదని ఎలా అంటాం?

పాతకుంచె:
పైగా దాని అర్థం ఇదీ అని ఆయన చెప్పలేదు, చూసేవాళ్లకే వదిలేశాడు. 2006లో ఫిన్లాండ్ జనం తమకిష్టమైన చిత్రంగా ఓటేసింది దానికే.

గోదారిగట్టు:
దేవదూతను ఒప్పుకుంటాను, తోటనూ ఒప్పుకుంటాను. పాము దగ్గర మాత్రం తగ్గను. గోడ మీది బొమ్మ ఇష్టం లేకపోతే తల తిప్పుకోవచ్చు. పైకప్పు మధ్యలో ఉన్నదాన్ని, దేవుడి కోసం తల పైకెత్తినవాడు ఎలా తప్పించుకుంటాడు?

పాతకుంచె:
తప్పించుకోకూడదనే అక్కడ పెట్టాడేమో సార్. పాము చుట్టూ వలయంగా ఉన్న రెక్కల్ని మీరు వదిలేశారు. బలిపీఠం దగ్గర మాగ్నస్ ఎంకెల్ వేసిన పునరుత్థానం ఉంది. రెండూ కలిపి చూసి మళ్లీ వాదించండి.